సన్మానపు శాలువా

కానుగోడు,
8 ఫిబ్రవరి 1989

జలజక్కకి,

కుశల ప్రశ్నలు వేసే ఓపిక లేదు, నేరుగా విషయానికి వస్తున్నాను. నన్ను బదిలీ చేశారు. ఎక్కడికో చెబితే నవ్వుతావు. హులికట్టె డిపోకి. ఆ డిపో మూసేసి మూడేళ్లయింది. గోదాము కప్పు పోయిన వానాకాలంలో కూలింది. పక్కింటివాళ్లు అందులో కోళ్లను మూస్తున్నారు. పదకొండేళ్లుగా వక్క రైతుల సహకార సంఘంలో గుమాస్తాగా చేసినదాన్ని, ఇప్పుడు వెళ్లి కోళ్లకు హాజరు వేయాలన్నమాట. ఇక్కడి నుంచి రెండు బస్సులు, మధ్యలో లాంచీ దాటడం. పదిహేను రోజుల్లో చేరకపోతే పేరు కొట్టేస్తారట.

ఆర్డరులో రాసింది "పరిపాలనా సౌలభ్యం కోసం" అని. ఎవరి సౌలభ్యమో నీకు చెప్పాలా? సోమ, బుధ, శనివారాలు పదింటికి వ్యాపారుల టెండరు చీటీలు విప్పుతాం కదా. విప్పిన మరుక్షణం ఆ రోజు ధర బోర్డు మీద రాయడం నా పని. యార్డులో బస్తాల పక్కన కూర్చున్న రైతులు అది చూసే తమ సరుకు అమ్మాలో వద్దో తేల్చుకుంటారు. నువ్వు నా కుర్చీలో ఉన్నప్పుడూ అంతే చేశావు. సంక్రాంతి వెళ్లాక అధ్యక్షుడు ఓంకారప్ప పిలిచి, "ఏమ్మా, అంత తొందరేంటి నీకు? భోంచేసి వచ్చాక రాయి" అన్నాడు. ఎందుకో తెలుసా? ధర పెరిగిన సంగతి మధ్యాహ్నం దాకా బయటికి రాకపోతే, గేటు బయట లారీలు పెట్టుకున్న ఓంకారప్ప బావమరిది పాత ధరకే బస్తాలు ఎత్తుకుపోతాడు. నేను, "రూల్సులో అలా లేదండి" అన్నాను. మూడు వారాలకు ఈ కాగితం.

నా బాధ ఒక్కటే అక్కా. ఆయన మేళంతో ఊళ్లు పట్టుకుని తిరుగుతున్నారు. యక్షగానం ఆటలు ముగిసి మే నెలాఖరుకు గాని ఇంటికి రారు. చిత్రకి మార్చిలో పదో తరగతి పరీక్షలు. పదిహేనేళ్ల పిల్లని అద్దె ఇంట్లో ఒంటరిగా వదిలి నేను లాంచీ ఎక్కాలా? ఉద్యోగం మానేస్తే తినేదేమిటి? వాళ్లకు కావలసిందీ అదే, నేనే మానేయాలని.

నేను మానను. హైకోర్టుకు వెళుతున్నాను. బెంగుళూరులో మీనాక్షమ్మ అనే వకీలు ఉన్నారు, మన రైతు ఒకాయన మేనకోడలే. హమాలీ హుచ్చప్ప ఏమన్నాడో విను. "అమ్మా, కోర్టంటే ఏళ్లు పడతాదంట. పడనీ. ఆ కోళ్లు మాత్రం యాడికి పోతాయి?"

నువ్వు హెడ్డాఫీసులోనే ఉన్నావు, ఈ ఆర్డరు సంగతి ముందుగా ఏమీ చెవిన పడలేదా?

నీ
నాగవేణి


హొన్నకొప్ప,
12 ఫిబ్రవరి 1989

చి. నాగవేణికి,

ఉత్తరం చదివి మనసు పాడైపోయింది. నాకేమీ తెలియదు నాగూ. ఇక్కడ నా బల్ల మీదికి వచ్చే కాగితాలు వేరు. టెండరు రోజుల్లో మీ బ్రాంచీలు ఫోన్లో చెప్పే ధరలు టైపు చేసి పట్టీ కట్టడంతోనే పొద్దు గడిచిపోతుంది.

అక్క మాటగా చెబుతున్నాను, కోపం తెచ్చుకోకు. కోర్టు మన బోటివాళ్లకు కాదు. సహకార సంఘం సర్కారు ఆఫీసు కాదు, దాని మీద రిట్ చెల్లదని వాళ్ల వకీలు మొదటి రోజే అంటాడు. అప్పుడు ఉన్నదీ పోతుంది. ఒక నెల హులికట్టె వెళ్లి, ఒంట్లో బాగాలేదని సెలవు పెట్టు. ఈలోగా పెద్దవాళ్లు చల్లబడతారు. నేనూ ఇక్కడ మేనేజరు చెవిన ఒక మాట వేస్తాను. నన్ను హెడ్డాఫీసులోనే ఖాయంగా ఉంచే ఫైలు కూడా ఆయన దగ్గరే ఉంది, అదను చూసి అడగాలి.

ఇంకో మాట. నీకు వీడ్కోలు సభ పెడతామంటే మొహం తిప్పుకోకు. అది అధ్యక్షుడిది కాదు, తోటివాళ్ల అభిమానం. పదకొండేళ్లు ఒక్క కూజా నీళ్లు తాగినవాళ్లు. శాలువా కప్పితే కప్పించుకో, నాలుగు మంచి మాటలు చెప్పి నవ్వుతూ రా. అందరితో చెడ్డయి సాధించేదేముంది?

చిత్రని బాగా చదువుకోమను.

జలజాక్షి


కానుగోడు,
19 ఫిబ్రవరి 1989, ఆదివారం

జలజక్కా,

నీ మాట విన్నాను. నిన్న శనివారం నాకు సన్మానం జరిగింది. నీకు వివరంగా రాయకపోతే నాకు అన్నం సహించదు.

బెంగుళూరు నుంచి ఇంకా కబురు లేదు. శుక్రవారం కేసు పిలుస్తారని మీనాక్షమ్మగారు రాశారు, ఏమైందో రేపు టపాలో తెలుస్తుంది. నిన్న పదింటికి చీటీలు విప్పి, వక్కల్లో రాశి రకం ధర బోర్డు మీద రాసి, ఇంకా చేతికంటిన సుద్ద దులుపుకోలేదు, కార్యదర్శి శేషగిరి పరుగున వచ్చాడు. "నాగవేణమ్మగారూ, ఇవాళే సెండాఫ్. అధ్యక్షులవారు కూడా వస్తున్నారు. కోర్టు మాట కోర్టుది, మన మాట మనది. కాదనకండి" అన్నాడు. నిజం చెప్పొద్దూ, నాకూ మనసు మెత్తబడింది. వారం రోజులుగా నా కళ్లలోకి చూడని మనుషులు మల్లెపూల దండ తెచ్చారు.

బస్టాండు దగ్గరి స్టూడియో కుర్రాణ్ని పిలిపించారు. వెలుతురు ఉన్న గోడ అదొక్కటే కాబట్టి బోర్డు ముందే నిలబెట్టాడు. ఓంకారప్ప శాలువా కప్పి, "మా ఇంటి ఆడపడుచును అత్తారింటికి పంపినట్టుంది" అన్నాడు. వెనక నుంచి హుచ్చప్ప, "అత్తారింటికి కప్పు లేదు సామీ, గొడుగు కూడా పెట్టి పంపండి" అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

కొబ్బరికాయ, అరటిపళ్ల పళ్లెంలో ఒక పెద్ద కవరు పెట్టి ఇచ్చారు. సన్మానపత్రమట. ఇచ్చినవాళ్ల ఎదుటే కవరు చింపి చూసుకుంటే ఏం బాగుంటుంది? పద్ధతి కాదు కదా. అందినట్టు శేషగిరి పుస్తకం చాపితే సంతకం పెట్టాను. ఇంటికి తెచ్చి దేవుడి దగ్గర పెట్టాను. చిత్ర శాలువా కప్పుకుని అద్దంలో చూసుకుంటోంది.

నీ
నాగవేణి

తా.క. ఉత్తరం అతికించబోతూ కవరు విప్పాను. సన్మానపత్రం కాదు అక్కా. రిలీవింగ్ ఆర్డరు. "16 ఫిబ్రవరి సాయంత్రం నుంచి విధుల నుంచి విడుదల చేయడమైనది" అని ఉంది. నిన్న పద్దెనిమిదో తారీఖు కదా? నాకు మతి పోయిందా, వాళ్లకా?


కానుగోడు,
6 మార్చి 1989

శ్రీమతి జలజాక్షి గారికి,

మీరు కుశలమని తలుస్తాను.

జరిగింది మీకు తెలిసే ఉంటుంది, అయినా రాస్తున్నాను. పదిహేడో తారీఖు శుక్రవారం హైకోర్టు నా బదిలీ మీద స్టే ఇచ్చింది. ఆ కాగితంలో ఒక షరతు ఉంది. "పిటిషనరును ఇప్పటికే రిలీవ్ చేసి ఉండకపోతే, ఇకమీదట చేయరాదు" అని. మా వకీలు ఆ సాయంత్రమే సంఘానికి ఒకటి, నాకు ఒకటి తంతి కొట్టారు. సంఘానికి వచ్చింది శనివారం పొద్దున్నే అందింది. నాది సోమవారం గాని రాలేదు. శనివారం పొద్దున ఆ తంతి జేబులో పెట్టుకునే శేషగిరి నా దగ్గరికి పరుగెత్తుకొచ్చాడు. మల్లెపూలు అందుకు.

ఇప్పుడు కోర్టులో ఏమంటున్నారంటే, నన్ను పదహారునే రిలీవ్ చేశారట. సెండాఫ్ కూడా ఆ రోజేనట, ఫోటోయే సాక్ష్యమట. వెనక తారీఖు ముద్ర వేశారు. పుస్తకంలో నా సంతకం ఉంది, పక్కన తారీఖు వాళ్లే వేసుకున్నారు. నాతో కూజా నీళ్లు తాగిన తొమ్మిది మందీ సభ గురువారం జరిగిందని సంతకాలు చేశారు. రైతులు, హమాలీలు కాదని చెబితే, వాళ్లు సంఘం మీద కక్షతో అంటున్నారట. మాకు ఇచ్చిన ఫోటో నకలు జిరాక్సులో మసిగుడ్డలా ఉంది. నా మొహం నాకే తెలియడం లేదు.

వాళ్లు కోర్టుకిచ్చిన కాగితాల్లో నా బదిలీ ఆర్డరు ఆఫీసు కాపీ కూడా ఉంది. నా చేతికి ఇచ్చిన దాంట్లో లేనిది అందులో ఉంది. అడుగున ఎడమ పక్క, టైపు చేసినవారి పొట్టి సంతకం, తారీఖు. 24 జనవరి. ఆ పొట్టి సంతకం నేను నాలుగేళ్లు మీ పక్క కుర్చీలో కూర్చుని రోజూ చూసినదే.

నాకు ఆర్డరు అందకముందే, రెండు వారాల ముందే, ఆ ఆర్డరు మీ వేళ్ల కింద పుట్టింది. "నాకేమీ తెలియదు నాగూ" అని రాశారు. శాలువా కప్పించుకోమన్నదీ మీరే. అది మీ మాటేనా, ఎవరైనా చెప్పి రాయించారా? జవాబు రాయకపోయినా ఫరవాలేదు. ఇది మాత్రం వినండి. నేను రోజూ పదింటికి యార్డుకు వెళ్లి హమాలీల బెంచీ మీద ఐదింటి దాకా కూర్చుంటున్నాను, గైర్హాజరని ఎవరూ అనకుండా. బోర్డు మధ్యాహ్నం దాకా నల్లగా ఉంటోంది. లారీలు నిండిపోతున్నాయి.

ఇట్లు,
కె. నాగవేణి


హొన్నకొప్ప,
13 మార్చి 1989

నాగూ,

అవును, టైపు చేశాను. మేనేజరు నిలబడి చేయించాడు. "బయట ఒక్క మాట పొక్కిందా, మీ ఫైలు చెత్తబుట్టలోకి పోతుంది" అన్నాడు. నీకు రాయాలని కార్డు తీశాను, మళ్లీ డ్రాయరులో పెట్టేశాను. సెండాఫ్ మాటా ఆయనదే. "మీ స్నేహితురాలు గొడవ చేయకుండా చూడండి, పాపం మర్యాదగా సాగనంపుదాం" అన్నాడు. అందులో కవరు ఉంటుందని ఒట్టు, తెలియదు. కానీ మర్యాద అన్నప్పుడు నాకు అనుమానం రాకపోలేదు. వచ్చినా రాశాను. అదీ నా సంగతి.

తిట్టు. నువ్వు గారు అని రాస్తే మాత్రం చదవలేకపోతున్నాను.

జలజ


కానుగోడు,
20 మార్చి 1989

జలజాక్షి గారికి,

మిమ్మల్ని తిట్టి నాకు ఒరిగేదేమీ లేదు. నాకు ఫిబ్రవరి సగం జీతమే వచ్చింది, మార్చిది రాదు. రేపటి నుంచి చిత్ర పరీక్షలు. నిన్న అది, "అమ్మా, నా కోసం ఆగితే ఆగద్దులే, హులికట్టె వెళ్లిపో, నేను ఉండగలను" అంది. పిల్ల చేత ఆ మాట అనిపించిన వాళ్లని నేను జన్మలో క్షమించను. ఆ వాళ్లలో మీరు ఉన్నారా లేదా అన్నది నన్ను అడగకండి.

అనుమానం వచ్చినా రాశానన్నారు. ఆ ఒక్క వాక్యం మాత్రం నిజాయితీగా ఉంది.

మీరు భయపడ్డారు, నాకు తెలుసు. నేను భయపడలేదనుకున్నారా? రోజూ ఆ బెంచీ మీద కూర్చుంటుంటే, లోపలికి వెళ్లే ప్రతివాడూ నన్ను చూడనట్టు తల తిప్పుకుంటాడు. శేషగిరి మొన్న శనివారం, "ఎందుకమ్మా ఈ పట్టుదల, ఆడమనిషివి" అన్నాడు. హుచ్చప్ప అందుకుని, "మగోళ్లు ఎవరైనా ఉంటే ఆ పట్టుదల వాళ్లే పట్టేవోళ్లు సామీ, లేకనే కదా" అన్నాడు. నాకు ఈ నెలలో వచ్చిన నవ్వు అదొక్కటే.

నాగవేణి


హొన్నకొప్ప,
5 ఏప్రిల్ 1989

నాగూ,

ఇది రిజిస్టరు పోస్టులో పంపుతున్నాను. చేతిలో పడగానే మీనాక్షమ్మగారికి పంపు, ఒక్క రోజు కూడా దాచకు.

కోర్టుకు వేసే కాగితాలకు వరస నెంబర్లు వేయమని మేనేజరు పోయిన వారం కట్ట నా బల్ల మీద పెట్టాడు. అందులో మీ ఫోటో అసలుది ఉంది. శుభ్రంగా వచ్చింది. నువ్వు నవ్వుతున్నావు. తర్వాత నీ వెనక చూశాను. బోర్డు. తారీఖు రాసిన మూల ఓంకారప్ప తలకాయ అడ్డం వచ్చింది. ధర మాత్రం నీ భుజం పక్కన స్పష్టంగా కనిపిస్తోంది. రాశి, రెండు వేల ఆరు వందల నలభై.

ఆ అంకె నాకు తెలుసు నాగూ. ధరల పట్టీ నేనే కడతాను. పదహారో తారీఖు గురువారం. గురువారం టెండరే ఉండదు, బోర్డు మీద బుధవారం ధరే ఉండాలి. బుధవారం మీ యార్డు ధర రెండు వేల ఐదు వందల ఎనభై అయిదు. ఆ సీజనంతటిలో రెండు వేల ఆరు వందల నలభై పలికింది ఒక్కసారే, పద్దెనిమిది శనివారం నాడు. ఫోన్లో ఆ ధర నాకు చెప్పిందీ నువ్వే. "ఈ ఏడాదికి ఇదే ఎక్కువ అక్కా, రైతులు ఇవాళ మిఠాయి పంచుతారు" అన్నావు, గుర్తుందా?

ఆ ఫోటో గురువారానిది కాదు. అందులో ఉన్న ఆడమనిషి పద్దెనిమిదో తారీఖు పొద్దున్న డ్యూటీ చేసి, తన చేత్తో ధర రాసి, సుద్ద దులుపుకుని దండ వేయించుకుంది. స్టే వచ్చిన మర్నాడు. వాళ్లలో ఒక్కడైనా ఆ బోర్డు వైపు చూసి ఉంటే ఇంత తెలివితక్కువ పని చేసేవారు కాదు. దాన్ని చూడాల్సిన అవసరం వాళ్లకెప్పుడూ రాలేదు.

ఆ వారం ధరల పట్టీ ఏ సభ్యుడు అడిగినా ఇవ్వాలని మన నిబంధనల్లోనే ఉంది. హుచ్చప్ప తమ్ముడికి అర ఎకరం తోట ఉంది, సంఘం సభ్యుడు. అతని పేర అర్జీ పెట్టించి, ముద్ర వేసిన నకలు తీశాను. జత చేశాను. దాంతోపాటు నా ప్రమాణ పత్రం కూడా ఉంది, నోటరీ ముందు సంతకం చేశాను. పట్టీ కట్టింది నేనేనని, బదిలీ ఆర్డరు టైపు చేసిందీ నేనేనని, సెండాఫ్‌కు ఒప్పించమని నాకు ఎవరు చెప్పారో, అన్నీ రాశాను.

నా ఫైలు సంగతి అడగకు. దాన్ని పట్టుకుని రెండేళ్లు వంగి నడిచాను. నడుము నొప్పి పుట్టింది.

జలజ


కానుగోడు,
14 జూన్ 1989

జలజక్కా,

గెలిచాం.

మొన్న సోమవారం తీర్పు. నేను కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చున్నాను. ఈయన కూడా వచ్చారు, మేళం ముగిసింది. ఆటలో మహిషాసురుడిగా అరిచే మనిషి అక్కడ నా పమిట కొంగు పట్టుకుని కూర్చున్నారు.

నువ్వు చెప్పినట్టే వాళ్ల వకీలు, సంఘం సర్కారు కాదు, రిట్ చెల్లదని అరగంట వాదించాడు. జడ్జిగారు, "అది తర్వాత చూద్దాం, ముందు అసలు ఫోటో చూపించండి" అన్నారు. కళ్లద్దాలు తీసి దగ్గరగా పెట్టుకుని చూశారు. నీ పట్టీ చూశారు. మళ్లీ ఫోటో చూశారు. "మీ యార్డులో శనివారం ధర గురువారమే తెలుస్తుందా? అలాగైతే చెప్పండి, మా మామగారికీ తోట ఉంది" అన్నారు. హాలంతా నవ్వు. వాళ్ల వకీలు వెనక్కి తిరిగి శేషగిరిని చూసిన చూపు నేను చచ్చేదాకా మరిచిపోను.

తీర్పులో ఏముందంటే, మామూలుగా బదిలీల్లో కోర్టు తల దూర్చదట. కానీ చట్టం కింద ఆమోదం పొందిన సర్వీసు రూల్సు ఉన్నప్పుడు సంఘం వాటికి కట్టుబడాలి, మూసేసిన డిపోకు పంపడం బదిలీ కాదు, పేరు మార్చిన శిక్ష అని రాశారు. రిలీవింగ్ ఆర్డరు వెనక తారీఖుతో పుట్టించినదని తేల్చారు. రెండూ కొట్టేశారు. జీతం కూడా ఇవ్వాలి.

ఇవాళ పొద్దున వెళ్లి చేరాను. వాన దంచుతోంది, యార్డులో ఆరుగురు రైతులే ఉన్నారు. చీటీలు విప్పాం. సుద్దముక్క తీసుకుని బోర్డు దగ్గరికి వెళ్లాను, మొదటి అంకె వంకరగా పడితే చెరిపి మళ్లీ రాశాను. హుచ్చప్ప, "నిదానంగా రాయమ్మా, నాలుగు నెల్లు ఆగినోళ్లం, నాలుగు నిమిషాలు ఆగలేమా" అన్నాడు. పది గంటల ఇరవై నిమిషాలకు ధర బోర్డు మీద ఉంది. గేటు బయట లారీ ఒక్కటీ లేదు.

చిత్ర ఫస్టు క్లాసులో పాసయింది. "జలజ పెద్దమ్మకు రాయి" అంది. మార్చిలో నేను రాసిన మాటలు వెనక్కి తీసుకోను, అప్పుడు అవి నిజం. ఏప్రిల్లో నువ్వు రాసిందీ నిజమే. రెండూ నా దగ్గరే ఉంటాయి. ఆ శాలువా మాత్రం మీనాక్షమ్మగారి బీరువాలో ఉంది, సాక్ష్యంగా పట్టుకెళ్లాం, తెచ్చుకోవడం మరిచిపోయాను.

నీకు అక్కడ ఏమైనా ఇబ్బంది పెడుతున్నారా? దాచకుండా రాయి. ఈసారి దాస్తే ఊరుకోను.

నీ
నాగూ


హొన్నకొప్ప,
3 జులై 1989

నాగూ,

దాచవద్దన్నావు కాబట్టి రాస్తున్నాను. నాకూ కాగితం వచ్చింది. హులికట్టె డిపో. పరిపాలనా సౌలభ్యం. ఈసారి టైపు చేసింది పక్క సీటు పిల్ల, పాపం రెండు రోజులుగా నా మొహం చూడలేకపోతోంది. నేనే పిలిచి టీ ఇప్పించాను. ఆ సీట్లో కూర్చున్నవాళ్ల కడుపులో ఏముంటుందో నాకు తెలుసు కదా.

ఏమీ అనిపించలేదంటే అబద్ధం. ఇరవై రెండేళ్ల సర్వీసు. మోకాళ్ల నొప్పులతో లాంచీ ఎక్కడం తలుచుకుంటే ఏడుపొస్తోంది. కానీ ఎవరి మీద కోపం రావాలో వాళ్ల మీదే వస్తోంది, ఇన్నాళ్లూ నా మీదే వచ్చేది.

మేనేజరు ఇవాళ నవ్వుతూ వచ్చాడు. "ఎనిమిదో తారీఖు శనివారం మీకు చిన్న సెండాఫ్ పెడుతున్నాం జలజాక్షమ్మగారూ, స్టాఫు అభిమానం, కాదనకండి" అన్నాడు. మైసూరు పట్టు శాలువా తెప్పిస్తున్నారట. తలూపాను. అలవాటు నాగూ, నవ్వుతూ అడిగితే తల దానంతట అదే ఊగుతుంది.

జలజ


తంతి
కానుగోడు, 6 జులై 1989
జలజాక్షి, వక్క రైతుల సహకార సంఘం, హొన్నకొప్ప

శాలువా కప్పుకోకు. కవరు ముట్టుకోకు. కుర్చీ దిగకు. మీనాక్షమ్మగారి వకాలతు కాగితంతో శనివారం పొద్దుటి బస్సుకు వస్తున్నాను. సంతకం దాని మీద పెట్టు. నాగూ.